పాత కారుకు ఫాగ్ లైట్లు

పొగమంచులో దారి సరిగా కనబడకపోతే డ్రైవరు చెయ్యి ముందు హై బీమ్ మీదికే పోతుంది. హై బీమ్ వెయ్యగానే ఆ కనిపించే కాస్త దారి కూడా మాయమై, బానెట్ ముందు తెల్ల దుప్పటి కట్టినట్టవుతుంది. గాలిలో తేలుతున్న నీటి తుంపరలు వెలుగులో కొంత భాగాన్ని వెనక్కి, డ్రైవరు కళ్లలోకే తిప్పికొట్టడమే దీనికి కారణం. వెలుగు ఎంత ఎత్తుకు, ఎంత దూరానికి పోతే, చూపుకూ రోడ్డుకూ మధ్య అంత వెలిగిన మంచు అడ్డం నిలుస్తుంది. ఫాగ్ లైటు ఈ చిక్కును తప్పించడానికి పుట్టింది. బండికి కిందుగా ఉండి వెలుగును వెడల్పుగా, దగ్గరగా రోడ్డు మీద పరుస్తుంది. ఆ వెలుగు పై అంచు గీత గీసినట్టు ఆగిపోతుంది. గీతకు పైన చీకటిగా ఉండాలి. ఫాగ్ లైటు మంచిదా కాదా అని తేల్చేది ఆ చీకటే.

బజారులో మాత్రం గుండ్రంగా ఉండి బంపరు కింద పట్టేదల్లా ఫాగ్ లైటుగానే చెలామణి అవుతోంది. ఖాళీ హైవే మీద దూరాన్ని వెలిగించడానికి చేసిన డ్రైవింగ్ లైటు ఇరుకైన, పొడవైన వెలుగును విసురుతుంది. పొగమంచులో అది హై బీమ్ కంటే చెరుపు చేస్తుంది. బయటికి రెండూ ఒకేలా ఉంటాయి. బ్రిటన్‌లో లూకాస్ కంపెనీ ఎస్ఎఫ్‌టీ 576 పేరుతో ఫాగ్ ల్యాంపును, ఎస్ఎల్ఆర్ 576 పేరుతో దూరపు దీపాన్ని జంటగా అమ్మేది. డిప్ప దాదాపు ఒకటే, తేడా అంతా అద్దం మీది గీతల్లో ఉండేది. పాత కారు అభిమానులు సెకండ్ హ్యాండ్‌లో అలాంటి దీపాలు కొనేటప్పుడు నంబరు చూడకుండా డబ్బిచ్చి మోసపోవడం మామూలే.

చూపు 1 కిలోమీటరు కంటే తక్కువ దూరానికే ఆనితే వాతావరణ శాస్త్రం దాన్ని పొగమంచు అంటుంది. భారత వాతావరణ శాఖ లెక్కలో 200 మీటర్ల లోపు దట్టమైన పొగమంచు, 50 మీటర్ల లోపు అతి దట్టమైనది. ఉత్తరాది మైదానాల్లో డిసెంబరు, జనవరి నెలల్లో ఈ రెండో రకం రోజుల తరబడి కమ్ముకుంటుంది. హైదరాబాద్ మీదుగా పోయే 44వ జాతీయ రహదారి మీదనే ఆగ్రా, ఢిల్లీ, పానిపట్ కూడా ఉన్నాయి. ఆ వైపు సరుకు తోలే మన లారీ డ్రైవర్లకు ఇది కొత్త సంగతి కాదు. యమునా ఎక్స్‌ప్రెస్‌వే మీద చలికాలంలో చిన్న బండ్ల గరిష్ఠ వేగాన్ని గంటకు 100 కిలోమీటర్ల నుంచి 75కు తగ్గించడం ఏటా జరిగే పనే.

తెలుగు నేల మీద పొగమంచు రెండు తీరులుగా వస్తుంది. అల్లూరి సీతారామరాజు జిల్లాలో లంబసింగి, పాడేరు, అరకు ఘాట్ దారుల్లో కొండను ఒరుసుకుంటూ పోయే మబ్బే రోడ్డు మీదికి దిగుతుంది. ఒక మలుపులో ఎండ ఉంటే తరువాతి మలుపులో రోడ్డు అంచు కూడా కనబడదు. కృష్ణా, గోదావరి డెల్టాల్లో కథ వేరు. మబ్బులేని చలి రాత్రి నేల వేడిని ఆకాశానికి వదిలేసి చల్లబడితే, తడి పొలాల మీది గాలిలోని ఆవిరి తెల్లవారుజామున తుంపరలుగా మారి కాలవగట్ల వెంబడి పేరుకుంటుంది. సూర్యుడు కాస్త పైకి వచ్చేదాకా అది కదలదు. భోగినాడు దానికి మంటల పొగ కూడా తోడవుతుంది. సరిగ్గా ఆ పూటే ఊళ్లకు వచ్చే కార్లు రోడ్డు నిండా ఉంటాయి.

పసుపు లైటు మంచును చీల్చుకుపోతుందన్న నమ్మకం మెకానిక్కుల్లోనూ బలంగా ఉంది. మంచు తుంపరలు వెలుగు తరంగాల కంటే చాలా పెద్దవి. కంటికి కనబడే వెలుగు తరంగం పొడవు మైక్రోమీటరులో సగం చుట్టుపక్కల ఉంటే, తుంపర కొన్ని మైక్రోమీటర్ల నుంచి కొన్ని పదుల మైక్రోమీటర్ల దాకా ఉంటుంది. అంత పెద్ద తుంపర అన్ని రంగులనూ దాదాపు ఒకేలా చెదరగొడుతుంది. ఆకాశాన్ని నీలంగా కనబడేట్టు చేసే సూత్రం ఇక్కడ వర్తించదు. అయినా పసుపు పూర్తిగా వట్టి మాట అనడానికి లేదు. నీలం, ఊదా తీసేసిన వెలుగు కంటికి మిరుమిట్లు తక్కువ పుట్టిస్తుందని చాలామంది డ్రైవర్ల అనుభవం. ఫ్రాన్స్‌లో 1930ల చివరి నుంచి 1993 దాకా హెడ్‌లైట్లకే పసుపు రంగు తప్పనిసరిగా ఉండేది. ఐరోపా నియమాలు ఫాగ్ లైటుకు తెలుపు, పసుపు రెండింటినీ ఒప్పుకుంటాయి. కాబట్టి రంగు యజమాని ఇష్టం. నీలం ఛాయ తిరిగిన తెలుపును మాత్రం వద్దనుకోవడమే మేలు.

పాత కారు అనగానే మన దగ్గర గుర్తొచ్చేవి కొద్ది పేర్లే. మోరిస్ ఆక్స్‌ఫర్డ్ నుంచి పుట్టి 1958 నుంచి 2014 దాకా నడిచిన అంబాసిడర్, ఫియట్ 1100 వంశానికి చెందిన ప్రీమియర్ పద్మిని, 1983 డిసెంబరులో వచ్చి 2014 జనవరిలో ఆగిన మారుతి 800. వీటిలో చాలావరకు ఫాగ్ లైట్లు లేకుండానే ఫ్యాక్టరీ గడప దాటాయి. తరువాత పెట్టించుకోవడానికి ఏ అడ్డూ లేదు. అసలు ప్రశ్న ఆ బండిలోని కరెంటు ఈ బరువును మోస్తుందా అన్నది.

లెక్క చిన్నదే. మామూలు హాలోజన్ ఫాగ్ బల్బు 55 వాట్లు. రెండింటికి 110 వాట్లు, 12 వోల్టుల మీద 9 ఆంపియర్ల పైచిలుకు. ఆల్టర్నేటర్ ఉన్న కార్లకు ఇది పెద్ద బెంగ కాదు. పాత తరం బ్రిటిష్ కార్లలోని డైనమో సంగతి వేరు. లూకాస్ సీ40 డైనమో పూర్తి వేగంతో తిరిగినా ఇచ్చేది 22 ఆంపియర్లు. హెడ్‌లైట్లు, పార్కింగ్ లైట్లు, వైపర్లు, ఇగ్నిషన్ కాయిల్ కలిసి అందులో 15 దాకా తినేస్తాయి. దాని మీద ఫాగ్ లైట్లు పడితే హద్దు దాటుతుంది. పైగా ఇంజను ఐడిలింగ్‌లో ఉన్నప్పుడు డైనమో దాదాపు ఏమీ ఇవ్వదు. మంచులో బండి రెండో గేరులో పాకుతుంటుంది కనుక, ఆ గంటసేపూ భారం బ్యాటరీ మీదే. ఇలాంటి కారుకు 35 వాట్ల హెచ్8 బల్బులు పట్టే దీపాలే సరి.

ఇంకో సంగతి ఉంది. 1960ల నడుమ దాకా బ్రిటన్‌లో తయారైన చాలా కార్లలో బ్యాటరీ పాజిటివ్‌నే బాడీకి ఎర్త్ చేసేవారు. హాలోజన్ బల్బుకు ప్లస్, మైనస్ పట్టింపు లేదు. ఎల్ఈడీ దీపం మాత్రం తిరగేస్తే వెలగదు, కొన్నిసార్లు కాలిపోతుంది కూడా.

కొనేటప్పుడు ముందు చదవాల్సింది అట్టపెట్టె మీది వాట్లను కాదు, అద్దం మీది అచ్చును. ఐక్యరాజ్యసమితి 19వ నియంత్రణ ప్రకారం పరీక్షకు నిలిచిన ముందువైపు ఫాగ్ లైటు మీద వలయంలో 'ఈ' అక్షరం, ఒప్పుదల ఇచ్చిన దేశపు అంకె ఉంటాయి. వాటి పక్కన పాత తరగతికి 'బి', కొత్త తరగతికి 'ఎఫ్3' అని ఉంటుంది. అమెరికా పద్ధతి దీపానికి 'ఎస్ఏఈ ఎఫ్' అని ఉంటుంది. ఏ అచ్చూ లేని దీపం ఎంత వెలిగినా, దాని వెలుగు ఏ దిక్కుకు పోతుందో పరీక్షించినవాడు లేడని అర్థం.

బల్బుల్లో పాత దీపాలకు ఎక్కువగా వాడింది హెచ్3. బల్బుకే పొట్టి వైరు తోక ఉంటుంది, లోపలి ఫిలమెంట్ అడ్డంగా ఉంటుంది. రిఫ్లెక్టరును ఆ అడ్డ ఫిలమెంట్ ఎక్కడుంటుందో లెక్కకట్టి మలుస్తారు. ఆ చోట ఎల్ఈడీ బల్బు దూర్చితే చిప్‌లు అటూ ఇటూ అతికించి ఉంటాయి, వెలుగు పుట్టే చోటు మారిపోతుంది. పై అంచు గీత చెదిరి, వెలుగు మంచులోకీ ఎదుటి డ్రైవరు కళ్లలోకీ ఎగజిమ్ముతుంది. పగటిపూట షాపు గోడ మీద వేసి చూపిస్తే తెల్లగా, ధగధగలాడుతూ ఉంటుంది గనుక అమ్మకం సులువు. ఎల్ఈడీయే కావాలనుకుంటే బల్బు మార్చకూడదు. ఎల్ఈడీ కోసమే తయారై, ఎఫ్3 అచ్చు పడిన పూర్తి దీపాన్ని కొనాలి.

అద్దం గాజుదైతే గీతలు తట్టుకుంటుంది, రాయి తగిలితే పగులుతుంది. పాలీకార్బనేట్ పగలదు గాని చవకరకం కొన్నేళ్ల ఎండకు పసుపెక్కి మసకబారుతుంది. దీపం అడుగున చిన్న గాలి రంధ్రం ఉందో లేదో కూడా చూసుకోవాలి. అది లేని దీపంలో వానాకాలం చెమ్మ లోపలే నిలిచి రిఫ్లెక్టరు వెండిపూత పొరలుగా లేస్తుంది.

అమరికకు అంతర్జాతీయంగా చెల్లే కొలతలు ఐక్యరాజ్యసమితి 48వ నియంత్రణలో ఉన్నాయి. మన దేశంలో దీపాల అమరికకు ఏఐఎస్-008 అనే ప్రమాణం ఉంది. ఆ అంతర్జాతీయ కొలతల ప్రకారం కారుకు ముందువైపు రెండు ఫాగ్ లైట్లుండాలి. అవి నేల నుంచి 25 సెంటీమీటర్లకు తగ్గకుండా, 80 దాటకుండా, బండి బయటి అంచు నుంచి 40 సెంటీమీటర్ల లోపల ఉండాలి. లో బీమ్ దీపం కంటే ఎత్తులో ఉండకూడదు. అంబాసిడర్ గ్రిల్ ముందు రెండు పెద్ద దీపాలు నిలబెట్టడం చూడముచ్చటగానే ఉంటుంది. కాని అక్కడ అవి రేడియేటరుకు గాలి అడ్డుతాయి, మే నెల ఎండలో దాని ఫలితం టెంపరేచర్ ముల్లు మీద కనిపిస్తుంది. బంపరుకు దిగువన, రెండు చివరలకు దగ్గరగా పెట్టడమే సరైన అమరిక.

ఉక్కు బంపరున్న కార్లలో బంపరును ఛాసిస్‌కు పట్టి ఉంచే బ్రాకెట్టు నుంచే దీపానికి ఊతం తీసుకోవచ్చు. ప్లాస్టిక్ బంపరుకు నేరుగా బిగిస్తే అది అదురుతుంది, వెలుగు రోడ్డు మీద వణుకుతుంది, బల్బు ఫిలమెంట్ త్వరగా తెగుతుంది. లోపలున్న ఇనుప అడ్డపట్టీ దాకా బ్రాకెట్టు పోవాలి. డ్రిల్ చేసిన ప్రతి రంధ్రం అంచుకూ జింక్ ప్రైమర్ పూయాలి. లేకపోతే రెండు వానాకాలాల్లో ఆ రంధ్రమే తుప్పుకు గుమ్మమవుతుంది.

అసలు నైపుణ్యమంతా వైరింగ్‌లో బయటపడుతుంది. రోడ్డు పక్క షెడ్డులో త్వరగా ముగించే పద్ధతి ఒకటుంది. హెడ్‌లైట్ వైరును బ్లేడుతో గీకి, రాగిపోగులు మెలితిప్పి, నల్ల టేపు చుట్టి, అక్కడి నుంచే ఫాగ్ లైటుకు కరెంటు తీసేస్తారు. ఇంజను వేడికి టేపు జిగురు కరిగి జారిపోతుంది. అంతకంటే పెద్ద ప్రమాదం స్విచ్చులో ఉంది. చాలా పాత కార్లలో హెడ్‌లైట్ కరెంటంతా డాష్‌బోర్డు స్విచ్చు గుండానే పోతుంది. ఇంకో 9 ఆంపియర్లు దాని నెత్తిన పెడితే కాంటాక్టులు మాడతాయి. 1950ల నాటి బ్రిటిష్ పద్ధతి వైరింగ్‌లో హెడ్‌లైట్లకు అసలు ఫ్యూజే ఉండేది కాదు. షార్టయితే తెగాల్సింది తెగక వైరు కాలుతుంది.

సరైన దారి రిలే. నాలుగు కాళ్ల 30 ఆంపియర్ల రిలే ఏ ఆటోమొబైల్ షాపులోనైనా దొరుకుతుంది, కాళ్ల మీద అంకెలు అచ్చువేసి ఉంటాయి. బ్యాటరీ ప్లస్ నుంచి 2.5 చదరపు మిల్లీమీటర్ల వైరు బయలుదేరి, జానెడు దూరంలోపే 15 ఆంపియర్ల ఫ్యూజ్ దాటి, రిలే 30వ కాలికి చేరాలి. 87వ కాలి నుంచి రెండు దీపాలకు. 86కు డాష్‌బోర్డు స్విచ్చు నుంచి సన్న వైరు, 85 ఎర్తుకు. ఇప్పుడు స్విచ్చు మీద పడేది రిలే చుట్టను లేపే కొద్దిపాటి కరెంటే.

ఆ స్విచ్చుకు కరెంటు ఎక్కడి నుంచి తీసుకోవాలన్నది చిన్న ప్రశ్నలా కనిపిస్తుంది గాని, ఈ పని మొత్తంలో పెద్ద నిర్ణయం అదే. ఇగ్నిషన్ నుంచి తీస్తే, పగటి మంచులో డ్రైవరు ఫాగ్ లైట్లు ఒక్కటే వేసుకుని బయలుదేరవచ్చు. ముందు వెలుగు కనిపిస్తోంది గనుక అన్నీ వెలుగుతున్నాయనుకుంటాడు. వెనుక మాత్రం ఒక్క దీపమూ ఉండదు. పార్కింగ్ లైటు వైరు నుంచి తీస్తే టెయిల్ లైట్లు వెలగనిదే ఫాగ్ లైట్లు వెలగవు. 48వ నియంత్రణ కోరేది కూడా ఇదే. ఫాగ్ లైట్లు హై బీమ్, లో బీమ్‌లతో సంబంధం లేకుండా విడిగా వెలగాలి, ఆరాలి. వెనుక దీపాలు మాత్రం వాటితోపాటు తప్పక వెలుగుతూ ఉండాలి.

ఎర్తును క్రోమ్ బంపరుకు వదిలేయకూడదు. తుప్పు, రబ్బరు బుష్‌లు మధ్యలో అడ్డుపడతాయి. ప్రతి దీపం నుంచి విడిగా వైరు లాగి, పెయింటు గీకి మెరిసే ఇనుము కనబడిన చోట బాడీకి బిగించి, పైన కాస్త పెట్రోలియం జెల్లీ పూస్తే ఏళ్ల తరబడి నిలుస్తుంది. డాష్‌బోర్డు వైపు వైరు పోయే రంధ్రానికి రబ్బరు గ్రొమెట్ తప్పనిసరి. బల్బును వేళ్లతో ముట్టుకోకూడదు. చేతి జిడ్డు అంటిన చోట గాజు వేడెక్కి బల్బు ముందే పోతుంది. పొరపాటున అంటితే స్పిరిట్‌తో తుడవాలి.

పని అయ్యాక ఇంజను ఆన్‌లో ఉంచి, ఫాగ్ లైట్లు వేసి, మల్టీమీటరుతో బ్యాటరీ దగ్గర ఒకసారి, బల్బు కాళ్ల దగ్గర ఒకసారి వోల్టేజీ చూడాలి. తేడా అర వోల్టు దాటితే ఎక్కడో సన్న వైరో, బలహీనమైన ఎర్తో ఉన్నట్టే. హాలోజన్ బల్బులో వోల్టేజీ 10 శాతం పడితే వెలుగు 30 శాతం దాకా పడిపోతుంది. 'ఈ లైట్లు డల్లు' అని 100 వాట్ల బల్బు కొనిపెట్టించుకునే చాలామందికి నిజానికి కావలసింది మంచి ఎర్తు.

ఇక గురి. టైర్లలో గాలి సరిచేసి, డ్రైవరు సీట్లో మనిషిని కూర్చోబెట్టి, చదునైన చోట గోడకు 10 మీటర్ల దూరంలో కారు నిలపాలి. దీపం మధ్యభాగం ఎత్తును గోడ మీద సుద్దతో గుర్తుపెట్టి, వెలుగు పై అంచు ఆ గుర్తుకు 15 సెంటీమీటర్లు కిందపడేలా దీపాన్ని వంచి బిగించాలి. అంటే ఒకటిన్నర శాతం వాలు. దీపం 40 సెంటీమీటర్ల ఎత్తులో ఉంటే ఆ అంచు సుమారు 27 మీటర్ల దూరంలో రోడ్డును తాకుతుంది. ఇంతేనా అని కొందరు నిరుత్సాహపడి దీపాన్ని పైకెత్తుతారు. అక్కడితో దాని ప్రయోజనం పోతుంది.

ఆ 27 మీటర్లే వేగాన్ని కూడా నిర్ణయిస్తాయి. గంటకు 40 కిలోమీటర్ల వేగంతో, తడి రోడ్డు మీద, డ్రైవరు తేరుకోవడానికి ఒకటిన్నర సెకను కలుపుకుంటే బండి ఆగేసరికి దాదాపు 29 మీటర్లు పోతుంది. 60 వేగంలో 50 మీటర్లు దాటుతుంది. నాలుగు చక్రాలకూ డ్రమ్ బ్రేకులే ఉన్న పాత అంబాసిడర్‌కు ఇంకా ఎక్కువే పట్టవచ్చు. ఘాట్ రోడ్డులో తెల్లగీతనూ కల్వర్టు గోడనూ చూపించడం వరకే ఫాగ్ లైటు పని.

చట్టం వైపు నుంచి చూస్తే, కేంద్ర మోటారు వాహనాల నియమావళి 1989లోని 106వ నియమం ముందుకు చూపే ఏ దీపమైనా ఎదుటివారి కళ్లు చెదరగొట్టకూడదంటుంది. దీపానికి 8 మీటర్ల ముందు, అర మీటరు కుడిపక్క, నేల నుంచి ఒకటిన్నర మీటరు ఎత్తున ఉన్న కన్నును అది కొలతగా పెట్టుకుంది. 15 ఏళ్లు నిండిన సొంత కారుకు రిజిస్ట్రేషన్ పొడిగించుకోవడానికి ఆర్టీఓ ఆఫీసుకు పోతే, జనం బ్రేక్ ఇన్‌స్పెక్టర్ అనే మోటారు వాహనాల తనిఖీ అధికారి ముందు బండి నిలబెట్టక తప్పదు. గ్రిల్ నిండా ఎల్ఈడీ బార్లున్న బండి అక్కడ ఇరుక్కునే అవకాశం ఎక్కువ. కిందికి గురిపెట్టిన, అచ్చు పడిన రెండు దీపాలతో ఆ పేచీ ఉండదు.

ఇన్ని జాగ్రత్తలూ ముందువైపు దీపాల గురించే. పొగమంచులో గొలుసుకట్టు ప్రమాదాలు మొదలయ్యేది ఎక్కువగా వెనుక నుంచి వచ్చి గుద్దడంతోనే. పాత కార్ల టెయిల్ లైటు బల్బు 5 వాట్లు, దానిమీద పాతబడి వెలిసిన ఎర్ర ప్లాస్టిక్. ఐరోపాలో కొత్త కార్లకు తప్పనిసరి అయిన వెనుక ఫాగ్ లైటు 21 వాట్ల ఎర్ర దీపం. ఒకటే పెట్టేట్టయితే, ఎడమపక్క నడిచే మన రోడ్ల మీద అది బండికి కుడివైపున ఉండాలి. బ్రేకు లైటుకు 10 సెంటీమీటర్లకు మించి ఎడంగా ఉంటేనే బ్రేకు వేసిన సంగతి వెనుకవాడికి తెలుస్తుంది. మంచు విడిపోగానే దాన్ని ఆర్పేయాలి, లేకపోతే వెనుక వచ్చేవాడి కళ్లకు అదే బాధ అవుతుంది. దానికి అయ్యే ఖర్చు ముందు జత దీపాల ఖర్చుతో పోలిస్తే కొద్దిగానే ఉంటుంది, వైరింగ్ కూడా తేలికే. పాత కారు యజమాని చేతిలో ప్రస్తుతానికి ఒక్కదానికే డబ్బుంటే, కొనాల్సింది వెనుక ఎర్ర దీపం.